అంజీర్ పళ్ళతో ఓవెన్‌లో స్టార్టర్ చేద్దామనుకుంటున్నాను, స్వీట్ అయిపోకుండా ఎలా?

పెరటిచెట్టు (శాక్రమెంటో):

అందరికీ నమస్తే. వచ్చే శనివారం సాయంత్రం మా ఇంటికి ఓ ఇరవై మంది భోజనానికి వస్తున్నారు. సగం మావారి ఆఫీసు వాళ్ళు, సగం మన తెలుగు కుటుంబాలు, పైగా మా అత్తయ్యగారు, మామయ్యగారు గుంటూరు నుంచి వచ్చి మా దగ్గరే ఉన్నారు. భోజనం సంగతి పర్లేదు, పులిహోర, గుత్తివంకాయ, ఒక చికెన్ కూర, అవన్నీ చేతికి అలవాటైనవే. నా టెన్షనంతా వాళ్ళు వచ్చీ రాగానే చేతిలో ఏం పెట్టాలన్నదే. మిర్చి బజ్జీలు పెట్టుకుంటే నేను మూకుడు దగ్గరే ఉండిపోతాను, హాల్లో అందరూ కబుర్లు చెప్పుకుంటుంటే నాకు వంటింట్లోంచి నవ్వులు వినపడటమే తప్ప జోకేంటో తెలియదు. ఈసారి అది వద్దనుకున్నాను.

పక్కింటావిడ చెట్టుకి నల్ల అంజీర్ విరగకాసింది, మిషన్ రకమట. కావలసినన్ని కోసుకోమంది. వీటిలో చీజ్ పెట్టి ఓవెన్‌లో బేక్ చేసి స్టార్టర్‌గా ఇస్తారని విన్నాను, ఎవరింట్లోనో ఒకసారి తిన్నాను కూడా, కానీ అది పూర్తిగా స్వీట్‌లా ఉంది, తిన్నాక ఇంక ఆకలి వేయలేదు. నాకు అలా వద్దు, తీపీ ఉండాలి, ఉప్పూ కారమూ తగలాలి. ఇంకో సంగతి, ఇందులో వాడే గోట్ చీజ్ (మేకపాల చీజ్) వాసన మా అత్తయ్యగారు భరించగలరా అని అనుమానం. వచ్చేవాళ్ళలో శుద్ధ శాకాహారులు ఉన్నారు. ముందే చేసి పెట్టుకోవచ్చా, వాళ్ళు వచ్చాకే చేయాలా? చేసినవాళ్ళు ఎవరైనా ఉంటే కాస్త వివరంగా చెప్పండి ప్లీజ్, పిండివంటలు తప్ప ఓవెన్ వంటలు నాకు అంతగా రావు.

ఓవెన్_రాణి (సాన్ హోసే):

పెరటిచెట్టు గారూ, మీరు తిన్నది స్వీట్‌లా ఎందుకుందంటే వాళ్ళు తేనె ముందే పోసి బేక్ చేసి ఉంటారు, పులుపు ఏదీ వేసి ఉండరు. అంజీర్‌లో తీపి బోలెడు, పులుపు మాత్రం దాదాపు లేదు. కమలాపండులోనో పైనాపిల్‌లోనో ఉన్నట్టు దానంతట దానికి పులుపు ఉండదు కాబట్టి అది మనం బయటినుంచి తేవాలి. అందుకే అందరూ గోట్ చీజ్ వాడతారు, అది పుల్లగా, ఉప్పగా ఉంటుంది. దాంతోపాటు చివర్లో నిమ్మరసమో, మరిగించి చిక్కబరచిన బాల్సమిక్ వెనిగరో (ద్రాక్షరసంతో చేసే నల్లటి వెనిగర్) రెండు చుక్కలు పడితే ఇక అది స్వీట్ అనిపించదు. ఈ ఒక్కటి పట్టుకుంటే మిగతాదంతా తేలిక.

ఇరవై మందికి మనిషికి రెండు ముక్కలు లెక్కేసుకుంటే చిన్న పళ్ళు ఇరవై నాలుగు చాలు, కాయకి రెండు సగాలు. నేనైతే చిన్న పళ్ళని సగాలుగా కోయను, తొడిమ చివర కొంచెం తీసేసి పైనుంచి ప్లస్ గుర్తులా ముప్పావు వంతు లోతుకి గాటు పెట్టి, కింద రెండు వేళ్ళతో మెల్లగా నొక్కుతాను, తామరమొగ్గ విచ్చుకున్నట్టు పైకి తెరుచుకుంటుంది. చూడ్డానికి బాగుంటుంది, చీజ్ జారిపోదు. కాకపోతే అలా అయితే మనిషికి రెండు కాయలు కావాలి, అంటే నలభై. చెట్టు నిండా ఉన్నాయన్నారు కాబట్టి మీకు ఇబ్బంది లేదు, కొనుక్కునే మాకైతే పర్సు ఖాళీ.

చీజ్: ఇక్కడ కొట్లో 113 గ్రాముల గోట్ చీజ్ రోల్ దొరుకుతుంది కదా, అలాంటివి రెండు. గది వేడికి మెత్తబడనిచ్చి అందులో కచ్చాపచ్చాగా దంచిన మిరియాలు ఒక టీస్పూను, సన్నగా తరిగిన రోజ్‌మేరీ ఆకు కొంచెం (లేకపోతే థైమ్, అదీ లేకపోతే కొత్తిమీర, ఎవరూ పోలీసు కేసు పెట్టరు), గింజలు తీసి పొడిలా తరిగిన పచ్చిమిర్చి ఒకటో రెండో, ఉప్పు చిటికెడు. ఉప్పు చూసి వేయండి, చీజ్‌లో ముందే ఉంటుంది. బాగా కలిపి ఒక్కో పండులో చిన్న చెంచాడు పెట్టండి. ఎక్కువ కూరితే బేక్ అయ్యేటప్పుడు పక్కలకి కారి ట్రే మీద మాడుతుంది.

ఓవెన్ 400 ఫారెన్‌హీట్‌కి పెట్టి పూర్తిగా వేడెక్కనివ్వండి, అంటే సెల్సియస్‌లో సుమారు 200. ఫ్యాన్ తిరిగే కన్వెక్షన్ మోడ్ అయితే 375 చాలు. ట్రే మీద పార్చ్‌మెంట్ పేపర్ వేసి, పళ్ళకి బయటివైపు ఆలివ్ నూనె చేత్తో రాసి, మధ్య అరలో పెట్టండి. పది నుంచి పన్నెండు నిమిషాలు. చీజ్ అంచులు కొంచెం రంగు తిరగాలి, పండు మెరుస్తూ అడుగున కొద్దిగా పాకంలా రసం ఊరాలి, అప్పుడు తీసేయాలి. పదిహేను దాటితే పండు కూలబడిపోతుంది, చేత్తో తీసుకుంటే పేస్టే.

తేనె మాత్రం బేక్ చేసేటప్పుడు వేయొద్దు. అంత వేడికి అది ట్రే మీదికి జారి నల్లగా మాడి చేదెక్కుతుంది. బయటికి తీశాక, వేడి మీదే, సన్నటి ధారగా, మొత్తం ట్రేకి రెండు టేబుల్ స్పూన్లు మించకుండా. వాల్‌నట్స్ కూడా అంతే, ముందే 350 దగ్గర ఎనిమిది నిమిషాలు విడిగా వేయించి, నలిపి పైన చల్లుకోండి. పళ్ళతోపాటు లోపల పెడితే పైన కనపడే ముక్కలు మాడతాయి, రసంలో మునిగినవి మెత్తబడతాయి, కరకర అన్నది పోతుంది.

బాల్సమిక్ చేద్దామనుకుంటే అర కప్పు వెనిగర్ చిన్న గిన్నెలో సన్నని సెగ మీద మూడో వంతుకి వచ్చేదాకా మరిగించాలి. ఆ ఘాటుకి ఇల్లంతా దగ్గుతారు, ముందు రోజే కిటికీలు తెరిచి చేసుకోండి. చల్లారితే ఇంకా చిక్కబడుతుంది కాబట్టి గరిటెకి పల్చగా అంటుకునేటప్పుడే దించేయండి.

మిరపకాయ్_బాబాయ్:

అమ్మాయ్, జామకాయ కోసి ఉప్పూ కారం అద్దుకుని తిన్న జనం మనం, మామిడికాయ ముక్క సంగతి సరే సరి. తీపి పండు మీద కారం వేస్తే ఎలా ఉంటుందో మీ అత్తగారికి ఎవరూ చెప్పక్కర్లేదు, పైగా గుంటూరు మనిషి. ఆ పచ్చిమిర్చి ఒకటో రెండో అని భయపడుతూ వేయడం ఎందుకు?

నా సలహా ఒకటే. తేనె ఉత్తిగా పోయకండి. చిన్న గిన్నెలో నాలుగు టేబుల్ స్పూన్ల తేనె, ఎండుమిర్చి గింజలతో సహా కచ్చాపచ్చాగా దంచి ఒక టీస్పూను, ఐదు నిమిషాలు చాలా సన్నని సెగ మీద, పొంగకూడదు, వెచ్చబడితే చాలు. దించి అర టీస్పూను వెనిగర్ కలపండి. అరగంట ఊరితే కారం తేనెలోకి దిగుతుంది. ఇదే ఇక్కడ హాట్ హనీ అని సీసాల్లో పెట్టి అమ్ముతున్నారు. ఆఫీసు వాళ్ళకి ఉత్త తేనె, మనవాళ్ళకి ఇది, రెండు ట్రేలు. ఏది ఎవరిదో జెండా గుచ్చండి.

ఒక మాట, వచ్చేవాళ్ళలో ఏడాది నిండని పిల్లలుంటే వాళ్ళకి తేనె తగిలిన ముక్క నాకించొద్దు. ముద్దొస్తున్నాడని వేలితో నోట్లో పెట్టేవాళ్ళు మన ఇళ్ళల్లో ఎప్పుడూ ఉంటారు, ముఖ్యంగా నా వయసువాళ్ళు. తేనె వల్ల ఆ వయసులో బొటులిజం వచ్చే ప్రమాదం ఉంది, డాక్టర్లందరూ చెప్పే మాటే.

కందిపప్పు (ఆస్టిన్):

శుద్ధ శాకాహారులు అన్నారు కాబట్టి ఇది చెప్పకుండా ఉండలేను. చీజ్ కొనేముందు లేబుల్ వెనక చదవండి. పాలు విరగ్గొట్టడానికి వాడే రెన్నెట్ కొన్ని చీజుల్లో దూడ పొట్ట నుంచి తీసినది ఉంటుంది. లేబుల్ మీద మైక్రోబియల్ ఎంజైమ్స్ (సూక్ష్మజీవుల నుంచి తీసినవి) అనో, వెజిటేరియన్ రెన్నెట్ అనో ఉంటే నిశ్చింత. ఉత్తి ఎంజైమ్స్ అని రాసి వదిలేస్తే అది ఏదైనా కావచ్చు, నేనైతే పక్కన పెట్టేస్తాను. ఇటలీ నుంచి వచ్చే అసలు పార్మిజానో రెజ్జానో అయితే ఆలోచించే పనే లేదు, దూడ రెన్నెట్‌తోనే చేయాలన్నది దాని నిబంధన. ఎవరైనా పైన పార్మెసాన్ తురుము చల్లమంటే ఆ ట్రే వేరుగా పెట్టండి. మెత్తటి గోట్ చీజ్‌లో చాలా బ్రాండ్లు మైక్రోబియలే వాడతాయి కానీ చదవకుండా నమ్మొద్దు.

గర్భంతో ఉన్నవాళ్ళెవరైనా వస్తుంటే పాశ్చరైజ్డ్ అన్న మాట కూడా లేబుల్ మీద వెతకండి, పచ్చిపాలతో చేసిన మెత్తటి చీజ్ వాళ్ళకి మంచిది కాదు.

ఇంకోటి, వాల్‌నట్స్ పైన చల్లే ముందు నట్ ఎలర్జీ ఎవరికైనా ఉందా అని ఫోన్ చేసి అడిగేయండి. ఇక్కడ స్కూళ్ళు చూశాక నాకు ఆ భయం బాగా పట్టుకుంది. గుమ్మడి గింజలు వేయించి చల్లినా కరకరకి ఏ లోటూ ఉండదు.

పెరటిచెట్టు:

అందరికీ థాంక్స్ అండీ. రాణి గారూ, మీరు చెప్పినట్టు పులుపు గురించి నాకు అసలు తట్టలేదు. బాబాయ్ గారూ, రెండు ట్రేల ఐడియా ఖాయం.

అయితే ఇవాళ గోట్ చీజ్ కొంచెం తెచ్చి అత్తయ్యగారికి వాసన చూపించాను. "మేకల దొడ్డి పక్కన నిలబడ్డట్టుంది, నువ్వు తిను తల్లీ" అన్నారు. కాబట్టి మనవాళ్ళ ట్రేకి పనీర్ పెట్టొచ్చా? కరుగుతుందా? ఇంకో సంగతి, ఆవిడే అంజీర్ పండు కోసి లోపల పురుగులేమైనా ఉన్నాయేమోనని ఒక్కొక్కటే వెలుతురులో పెట్టి చూస్తున్నారు, మేడిపండు మాట గుర్తొచ్చింది కాబోలు. పైగా మావారు ఎక్కడో చదివి, ప్రతి అంజీర్‌లోనూ ఒక చచ్చిన కందిరీగ ఉంటుందట అని అందరి ముందూ అన్నారు. ఇక ఎవరు తింటారు చెప్పండి. అది నిజమేనా?

ఓటీజీ_అక్క (హైదరాబాద్):

పనీర్ కరగదమ్మా, అందులో అనుమానమే లేదు. నిమ్మరసంతో విరగ్గొట్టిన పాలు కదా, అలా పులుపుతో గట్టిపడిన చీజ్ ఎంత వేడికైనా సాగదు, ఎండిపోయి రబ్బరు అవుతుంది. నిజానికి మీ గోట్ చీజ్ కూడా మోజరెల్లాలా కరిగి తీగలు సాగే రకం కాదు, మెత్తబడుతుందంతే. కాబట్టి మనం చేయాల్సిందల్లా పనీర్‌ని ముందే మెత్తగా చేసుకోవడం. 200 గ్రాముల పనీర్ (ఇంట్లో విరగ్గొట్టినదైతే ఇంకా మేలు, బరువు పెట్టి గట్టిగా వత్తొద్దు) చేత్తో ముద్దలా మెదిపి, గుడ్డలో వేలాడదీసి నీళ్ళు తీసేసిన పెరుగు నాలుగు టేబుల్ స్పూన్లు, ఒక స్పూను మీగడ కలిపి మిక్సీలో ఒక్క తిప్పు తిప్పండి. ఉప్పు, మిరియాలు, వేయించిన జీలకర్ర పొడి, తరిగిన పచ్చిమిర్చి, కొత్తిమీర, అర చెక్క నిమ్మరసం. రుచి చూస్తే మామూలుగా తినేదానికంటే ఒక పిసరు ఉప్పగా, పుల్లగా అనిపించాలి, ఎందుకంటే కింద ఉన్న పండు తీపి అంతా దీన్ని మింగేస్తుంది. పెరుగులో పులుపు ఉంది కాబట్టి గోట్ చీజ్ లేని లోటు తెలియదు. ఉల్లీ వెల్లుల్లీ లేవు, వాళ్ళ నోములకీ వారాలకీ అడ్డం రాదు.

ఇక్కడ మన ఊళ్ళల్లో చదువుతున్నవాళ్ళ కోసం నాలుగు మాటలు, ఎందుకంటే అందరికీ పక్కింట్లో అంజీర్ చెట్టు ఉండదు. హైదరాబాద్‌లో ఎండుది కాకుండా తాజా అంజీర్ కూడా దొరుకుతుంది, ఎక్కువగా పుణె వైపు నుంచి వస్తుంది. అక్కడి పురందర్ అంజీర్‌కి 2016లో జీఐ ట్యాగ్ (ఫలానా ప్రాంతానిదే అన్న అధికారిక గుర్తింపు) కూడా వచ్చింది. ఏడాదికి రెండు కాపులు, వేసవి కాపుని మీఠా బహార్ అంటారు, అదే తియ్యగా ఉంటుంది, వానాకాలం తర్వాత వచ్చేది చప్పగా పుల్లగా ఉంటుంది. అనంతపురం వైపు కూడా వేస్తారు. చిన్న అట్టపెట్టెలో పెట్టి అమ్ముతారు, పైవి బాగుంటాయి, అడుగున నలిగినవి ఉంటాయి, పెట్టె తిప్పి చూసి కొనండి.

అంత ఖర్చెందుకు అనుకుంటే పైనాపిల్‌తో చేయండి, నాకైతే అంజీర్ కంటే అదే ఇష్టం. వేలు మందాన చక్రాలు కోసి, మధ్య గట్టి భాగం తీసేసి, నాలుగు ముక్కలు చేసి గుడ్డతో తడి అద్దేయండి. తడి ఉంటే ఉడుకుతుంది తప్ప కాలదు. ఉప్పు, కారం, జీలకర్ర పొడి, కాస్త బెల్లం తురుము పట్టించి ఓటీజీలో (చిన్న కరెంటు ఓవెన్) 220 సెల్సియస్ దగ్గర ఇరవై, ఇరవై అయిదు నిమిషాలు, మధ్యలో ఒకసారి తిప్పి. అంచులు గోధుమరంగు తిరిగాక బయటికి తీసి, పైన చెప్పిన పనీర్ ముద్ద చెంచాడు పెట్టి ఇంకో అయిదు నిమిషాలు. క్రమం మాత్రం తప్పొద్దు, ముందు పండు కాలాలి, తర్వాతే పనీర్. కాల్చని పైనాపిల్‌లో బ్రోమలైన్ అని ఒక ఎంజైమ్ ఉంది, అది పాలలోని ప్రొటీన్‌ని విడగొట్టి పెరుగునీ పనీర్‌నీ చేదెక్కిస్తుంది. పండు బాగా వేడెక్కితే ఆ ఎంజైమ్ పని చేయదు. పైనాపిల్ రైతా చేదొచ్చిందని ఎంతమంది పెరుగుని తిట్టుకున్నారో!

ఓటీజీ వాడేవాళ్ళు పైనా కిందా రెండు రాడ్లూ వేసి కనీసం పది నిమిషాలు వేడెక్కించాలి. చిన్న ఓటీజీ అయితే పై రాడ్‌కి పళ్ళు మరీ దగ్గరవుతాయి, ఒక అర కిందికి దించండి. మామూలు మైక్రోవేవ్ మోడ్‌లో ఇది రాదు, పండు ఉడికి నీళ్ళు వదులుతుంది, కన్వెక్షన్ మోడ్ ఉంటేనే చేయండి. ఎయిర్ ఫ్రయర్ ఉన్నవాళ్ళు అంజీర్‌ని 190 సెల్సియస్‌లో ఆరేడు నిమిషాలు చూసుకోండి, బుట్టలో ఒక్క వరసే పట్టాలి.

వనమాలి (ఫ్రెస్నో):

కందిరీగ విషయం నేను చెప్తాను, ఇక్కడ అంజీర్ తోటల మధ్యే ఉద్యోగం. మీవారు చదివింది అబద్ధం కాదు కానీ మీ చెట్టుకి వర్తించదు. అంజీర్ అంటే లోపలికి తిరిగిన పూలగుత్తి. కొన్ని రకాల్లో ఆ పూలకి పుప్పొడి అందించడానికి చిన్న కందిరీగ లోపలికి దూరాలి, లేకపోతే కాయ ముదరకుండానే రాలిపోతుంది. స్మిర్నా జాతివి అలాంటివి, ఇక్కడ వాటిని కాలిమిర్నా అంటారు, 1899లో ఆ కీటకాన్ని తెప్పించాకే కాలిఫోర్నియాలో ఆ రకం కాపు నిలిచింది. వాటిలో కూడా మన పంటి కింద పడేవి గింజలే, కందిరీగ కాదు, కాయలో ఉండే ఎంజైమ్ దాన్ని కరిగించేస్తుంది. మిషన్, బ్రౌన్ టర్కీ లాంటి రకాలకి పరాగసంపర్కం అవసరమే లేదు, పుప్పొడి లేకుండానే పండుతాయి. మిషన్ చెట్లు స్పెయిన్ పాదరీలతో 1769లో సాన్ డియాగో చేరాయి, ఆ మిషన్ల పేరే దానికి మిగిలింది. కాబట్టి మీ అత్తయ్యగారితో ఈ నల్ల పళ్ళకి కందిరీగతో పని లేదని ధైర్యంగా చెప్పండి.

కానీ పండు విప్పి చూడటం మాత్రం మాన్పించకండి, ఆవిడ చేస్తున్నది సరైన పనే. పెరటి చెట్టు పళ్ళకి అడుగున చిన్న రంధ్రం ఉంటుంది చూశారా, పండాక అది తెరుచుకుంటే చిన్న నల్ల పెంకు పురుగులు దూరి లోపల పులిసిపోతుంది. ఆ రంధ్రం దగ్గర రసం కారుతున్నా, సారా వాసన వచ్చినా పారేయండి. పైకి నిగనిగలాడుతున్న పండు కూడా లోపల పులిసి ఉండొచ్చు.

ఎప్పుడు కోయాలన్నది ఇంకా ముఖ్యం. అంజీర్ అరటిలా ఇంట్లో మాగదు, కోసినప్పుడు ఎంత తీపి ఉందో అంతే. మెడ వంగి కిందికి వేలాడుతూ, పట్టుకుంటే మెత్తగా, తోలు మీద సన్నని చారలు పగిలినట్టు ఉంటే అది పండినట్టు. తొడిమ దగ్గర తెల్లని పాలు బొట్లుగా కారితే ఇంకా పచ్చిదే, ఆ పాలు తగిలితే కొందరికి చేతులు దురద పెడతాయి, చేతులకి నూనె రాసుకునో గ్లవ్స్ వేసుకునో కోయండి. మీ శనివారం విందుకి శుక్రవారం సాయంత్రమో శనివారం పొద్దున్నో కోస్తే సరి. ఒక్క పొరగా పరిచి ఫ్రిజ్‌లో పెట్టండి, కడగడం వాడేముందే. బేకింగ్‌కి మరీ మెత్తబడినవి కాకుండా కొంచెం గట్టిగా ఉన్న పళ్ళు తీసుకోండి, జారిపోయేవి అక్కడే చెట్టు కింద తినేయండి.

సగంచెక్క:

నేను ఈ థ్రెడ్ చదివి ఒకటే అడుగుతున్నా, ఇంత పని ఎందుకండీ, నాలుగు జీడిపప్పు పకోడీలు, కాస్ట్‌కో కొట్లో సమోసాలు తెచ్చి వేడి చేసి పెడితే అందరూ తింటారు కదా? అమెరికన్లకీ సమోసా అంటే ప్రాణం. ఈ చీజ్ అంజీర్లు మనవాళ్ళు మొహమాటానికి ఒకటి తీసుకుని ప్లేటు అంచున పెట్టేస్తారు, నేను చూశాను.

ఓవెన్_రాణి:

సగంచెక్క గారూ, సమోసాలు పెట్టినా పర్లేదు, ఎవరొద్దన్నారు. కానీ ఆవిడ చెట్టు పళ్ళు ఉచితంగా వస్తున్నాయి, పని కూడా ఎక్కువ లేదు. పళ్ళు కోసి చీజ్ పెట్టడానికి అరగంట, ఓవెన్ పన్నెండు నిమిషాలు. ప్లేటు అంచున పెట్టడం గురించి మీరన్నది మాత్రం నిజం, అది ఎందుకంటే పండు ఒక్కటే చేతికిస్తే జిగటగా ఉంటుంది, ఎలా పట్టుకోవాలో తెలియదు. అందుకే నేను బాగెట్ బ్రెడ్‌ని (పొడుగాటి ఫ్రెంచ్ బ్రెడ్) సెంటీమీటరు మందాన ముక్కలు కోసి, నూనె రాసి 350 దగ్గర ఎనిమిది, పది నిమిషాలు కరకరలాడేలా కాల్చుకుంటాను. దాని మీద సగం అంజీర్ పెట్టి ఇస్తే రెండు కాట్లలో అయిపోతుంది, బ్రెడ్ చప్పగా ఉండటం వల్ల తీపి ఇంకా తగ్గుతుంది. ఇలా అయితే పళ్ళు సగాలుగానే కోసుకోండి పెరటిచెట్టు గారూ, నేను మొదట చెప్పిన ప్లస్ గాటు ప్లేటులో చెంచాతో తినేవాళ్ళకి బాగుంటుంది, నిలబడి తినేవాళ్ళకి కాదు.

ముందే చేసుకోవడం గురించి అడిగారు కదా. పొద్దున్నే పళ్ళు కోసి, చీజ్ పెట్టి, ట్రేలో సర్ది, మూత కప్పి ఫ్రిజ్‌లో పెట్టేయండి. బేక్ మాత్రం ముందే చేయొద్దు, చల్లారాక మళ్ళీ వేడి చేస్తే పండు నీరుకారుతుంది. అతిథులు వచ్చే అరగంట ముందు ట్రేలు బయట పెట్టండి, లేకపోతే పైన రంగు వచ్చేసరికి చీజ్ మధ్యలో చల్లగానే ఉంటుంది. మొదటివాళ్ళు గుమ్మంలో చెప్పులు విప్పుతుండగా మొదటి ట్రే లోపలికి తోసేయండి, మన ఆరు గంటల విందుకి ఆఫీసు వాళ్ళు ఆరింటికి వస్తారు, మనవాళ్ళు ఏడుకి వస్తారు, కాబట్టి రెండో ట్రే అప్పుడు. తీసిన వెంటనే ఎవరికీ ఇవ్వకండి, పండు లోపలి రసం నాలుక కాలుస్తుంది, అయిదు నిమిషాలు ఆగాలి, పిల్లలకి ఇంకాస్త ఎక్కువ. చీజ్ ఉంది కాబట్టి టేబుల్ మీద రెండు గంటలు మించి ఉంచొద్దు, మిగిలితే ఫ్రిజ్‌లోకే.

పనీర్ ట్రే గురించి అక్క చెప్పినదానికి ఒక చిన్న మాట కలుపుతాను. పనీర్ తొందరగా రంగు తిరగదు, రంగు కోసం చూస్తూ కూర్చుంటే పండు కూలిపోతుంది. పనీర్ మీద బ్రష్‌తో కొంచెం నెయ్యి రాసి, చివర ఒక్క నిమిషం బ్రాయిల్ (పైనుంచి మాత్రమే వచ్చే గట్టి సెగ) పెట్టండి. ఆ ఒక్క నిమిషం ఓవెన్ ముందు నుంచి కదలొద్దు, ఫోన్ మోగినా సరే. ఒక సంగతి, పార్చ్‌మెంట్ పేపర్ బ్రాయిల్ కింద నిప్పంటుకునే ప్రమాదం ఉంది, ఆ ట్రేకి పేపర్ తీసేసి నూనె రాసుకోండి.

పెరటిచెట్టు:

అయితే ఒక ట్రే గోట్ చీజ్, ఒక ట్రే పనీర్ కారం తేనె. బాగెట్ కూడా రాసుకున్నాను. అత్తయ్యగారికి వనమాలి గారి పోస్టు చదివి వినిపించాను, "సరే అయితే, కానీ కోసేటప్పుడు నేను చూస్తా" అన్నారు, పళ్ళు చూసే డ్యూటీ ఆవిడకే ఇచ్చేశాను. కందిపప్పు గారూ, నట్ ఎలర్జీ అడగమన్నారు చూడండి, మంచి పని చేశారు, మావారి మేనేజర్ గారి అబ్బాయికి ఉందట, గుమ్మడి గింజలే వాడతాను. ఆఖరి ప్రశ్న, పళ్ళు ఇంకా చాలా మిగిలేలా ఉన్నాయి, బేక్ చేసినవి మిగిలితే మర్నాడు ఏం చేయాలి?

మిరపకాయ్_బాబాయ్:

చెంచాతో మెదిపి, పనీర్ ట్రేవి అయితే అల్లం తురుము కూడా కలిపి పెసరట్టు మధ్యలో పెట్టుకోండి. గోట్ చీజ్‌వి మీవారికి ఆఫీసుకి శాండ్‌విచ్‌లో కట్టండి. బేక్ చేయని పళ్ళు మిగిలితే వనమాలి గారిని అడగండి, మాకు మాత్రం ఫోటో పెట్టండి.